మొయెలంగి ఎవర్ని చూసి నవ్వింది?

మొయెలంగి ఇన్నేళ్లు నోరు విప్పలేదంటే ఆ నీడల్లో కనపడ్డది నిజమే అయ్యుంటుందని ఒక మాట తిరుగుతోంది. మా ఊళ్లో ఆ మాటకి ఈమధ్యే సమాధి కట్టాం. దీవి అవతలి ఒడ్డున మాత్రం అది ఇంకా బతికే ఉందట. చేపలకని అటు పోయిన మా కోడలు వాళ్ల నోటే విని వచ్చి చెప్పింది. అప్పట్నించి నాకు తిన్నది ఒంటికి పట్టడం లేదు. అందుకే రాస్తున్నాను. పాస్టరు గారి బడిలో నేర్చుకున్న నాలుగు అక్షరాలున్నాయి, కోపం బోలెడంత ఉంది. రెండూ చాలు.

మొయెలంగి ఎవరో ముందు చెప్పాలి. మా ఇంటికీ వాళ్లింటికీ మధ్య ఒక సీమపనస చెట్టు, దాని కింద వాళ్ల పందులు, ఆ పందుల మీద మా ఇద్దరికీ తగాదా. ఆవిడ చాపలు అల్లుతుంది. పడుకునే చాపలు అందరం అల్లుతాం. ఆవిడవి గుప్పిట్లో ఇమిడిపోయేంత మెత్తటి సన్న చాపలు. పెళ్లికీ చావుకీ పెద్దరికం కట్టేటప్పుడూ మావాళ్లు ఇచ్చిపుచ్చుకునేవి. ఒక్కటి పూర్తయ్యేసరికి అల్లుతున్న ఆడదాని నల్లజుట్టు తెల్లబడుతుంది. అల్లుతున్నంతసేపూ ముక్కుతో కూనిరాగం తీస్తుంది. ఎప్పుడూ ఒకటే రాగం. ఆపమంటే ఇంకా గట్టిగా తీస్తుంది. మొగుడు చర్చిలో పెద్దగా ఉండేవాడు, పోయాడు. పిల్లలు పెద్దవాళ్లయ్యారు. చేమాకుల్లో కొబ్బరిపాలు పోసి, చుట్టి, కాలిన రాళ్ల మధ్య పెట్టి ఉడికిస్తే ఆ చేతి రుచి ఇంకెవరికీ రాదు. ఈ మాట ఆవిడ మొహం మీద నేనెప్పుడూ అనలేదు. అంటే పందుల తగాదాలో నేను ఓడిపోయినట్టే.

ఆవిడకి అన్న పోవీ. ఒక కడుపున పుట్టినవాళ్లు కారు. పోవీ వాళ్లమ్మ, మొయెలంగి వాళ్ల నాన్న తోడబుట్టినవాళ్లు. మేనమామ కూతురైనా పెదనాన్న కూతురైనా మా దగ్గర చెల్లెలంటే చెల్లెలే. వేరే మాట మా భాషలో లేదు, వేరే ఆలోచన మా బుర్రల్లో లేదు. ఎదిగిన అన్నాచెల్లెళ్లు ఒక చాప మీద కూర్చోరు. ఇద్దరూ ఉన్నచోట ఎవడైనా తుంటరి పాట ఎత్తుకుంటే అన్న లేచి సముద్రం వైపు పోతాడు. చెల్లెలు మనసు కష్టపెట్టుకుంటే తన ఇంట దీపం ఉండదని అన్నకి భయం. అలాంటి ఇద్దర్ని పట్టుకుని ఏం చేశారో చెబుతాను. వరసలో చెప్పకపోతే నా కోపానికి నేనే అడ్డుపడతాను.

మహాజ్వరం వచ్చి ఊళ్లకి ఊళ్లు ఊడ్చుకుపోయిన కొన్నేళ్లకి ఒక తెల్లాయన భార్యతో, పెట్టెలతో వచ్చి మా ఊళ్లో దిగాడు. మూడు కాళ్ల మీద ఒక పెట్టె నిలబెట్టి పక్కనున్న పిడి తిప్పేవాడు. మేం ఆయన్ని పెట్టెదొర అనేవాళ్లం. మీ బతుకు ఉన్నదున్నట్టు తీసి లోకానికి చూపిస్తానన్నాడు. ఉన్నదున్నట్టు! మొదటి రోజే మా ఆడవాళ్లు మిషను మీద కుట్టుకున్న పూలగౌన్లు తీయించి, మా అమ్మమ్మలు కట్టి మానేసిన బెరడు గుడ్డలు కట్టించాడు. మా మొగుళ్ల చొక్కాలు విప్పించాడు. పాస్టరు గారింటి రేకులు కనపడకుండా కొబ్బరి మట్టలు అడ్డం పెట్టించాడు. కిరసనాయిలు దీపం కంటపడితే చాలు, పాముని చూసినట్టు చూసేవాడు. మమ్మల్ని చూడ్డానికని మా ఇంటికొచ్చి, మీరు కాస్త జరగండి, మీ ముత్తవ్వల్ని రానివ్వండి అన్నట్టుంది. అప్పుడు మాకదంతా నవ్వులాట. ఇప్పుడు తలుచుకుంటే పళ్లు నూరుకుంటాను.

మా భాష నేర్చుకున్నాడు, కాదనను. కానీ మా మాటల్లో గొంతు దగ్గర ఒక చిన్న పట్టు పడుతుంది, గుటక మింగబోయి ఆగినట్టు. పట్టు పడితే ఒక మాట, పడకపోతే ఇంకో మాట. ఆయన గొంతుకి అది చచ్చినా పడేది కాదు. అద్దాల పెట్టె మోసేవాళ్లతో "జాగ్రత్త, పగులుతుంది" అనబోయి "జాగ్రత్త, పెంట" అనేవాడు. వాళ్లు పెట్టెతో సహా గెంతి కాళ్లకింద చూసుకునేవాళ్లు. ఊరు ఊరంతా పొట్ట పట్టుకుని నవ్వింది. చంటిపిల్ల దొడ్డికి కూర్చున్నా "జాగ్రత్త, పగులుతుంది" అని వెక్కిరించేవాళ్లు.

ఆయన బొమ్మకి ఒక కుర్రాడు, ఒక పడుచు కావాల్సి వచ్చారు. పెద్దపడవ ముందు నిలబడి తెడ్లవాళ్లకి పాట అందించే పోవీని ఎంచుకున్నాడు. ఊళ్లో ఏ పండగకైనా ముందు లేచి ఆడే మొయెలంగిని ఎంచుకున్నాడు. వాళ్లింటి పెద్దాయన అప్పుడే చెప్పాడు, "ఇద్దరూ అన్నాచెల్లెళ్లు, తెలిసి నడుచుకోండి" అని. పెట్టెదొరతో ఆపియా పట్నం నుంచి వచ్చిన దుబాసీ ఊరుకోలేదు.

"ఒకే తల్లా?"

"కాదు."

"ఒకే తండ్రా?"

"కాదు."

"మరి అన్నాచెల్లెళ్లు ఎలా అయ్యారు?"

"నిన్ను పెంచినవాళ్లు అసలున్నారట్రా?" అన్నాడు పెద్దాయన.

అందరూ నవ్వారు. దుబాసీ కూడా నవ్వి, పెట్టెదొర చెవిలో ఏదో ఊదాడు. ఏం ఊదాడో మాకు తెలిసేసరికి కొన్నేళ్లు పట్టింది.

పోవీ నాట్యం ఎండల్లో తీశారు. నేను చూశాను. ఒళ్లంతా కొబ్బరినూనె రాసుకుని, తొడలు చరుచుకుంటూ, చేతులు చాచి ఆడాడు. ఎదురుగా ఎవరున్నారు? మూడు కాళ్ల పెట్టె, దాని వెనక పెట్టెదొర, ఆయన నెత్తిన భార్య పట్టిన గొడుగు. పోవీ చేతులు చాచింది ఆ గొడుగు ముందు. మొయెలంగి నాట్యం వానలు పడ్డాక తీశారు. అది నేను చూడలేదు, అప్పుడు నేను పచ్చి బాలింతని. కానీ ఆ రోజుల్లో పోవీ ఊళ్లోనే లేడు. అవతలి ఒడ్డున చర్చికి కప్పు వెయ్యడానికి మా ఆయనా అతనూ కలిసి పోయారు. నేను బిడ్డని కన్నప్పుడు మొగుడు పక్కన లేడన్న కోపం నాకు ఇప్పటికీ ఆరలేదు. అలాంటిది మర్చిపోతానా?

పెట్టెదొర తన దేశం వెళ్లిపోయాడు. కొన్నేళ్లకి ఆయన తీసిన బొమ్మ తిరిగి తిరిగి మా ఊరొచ్చింది. మా భాషలో బొమ్మకీ నీడకీ ఒకటే మాట, అందుకని మేం వాటిని నీడలనే అంటాం. పాస్టరు గారి దుప్పట్లు రెండు కలిపి కుట్టి బంతాట మైదానంలో కట్టారు. చీకటి పడగానే ఇంజను డుబడుబమంది. మగవాళ్లు ఒక పక్క, ఆడవాళ్లు ఒక పక్క. నీడలకి నోరు లేదు. మధ్యలో అక్షరాలు వస్తే పాస్టరు గారు మా భాషలోకి మార్చి గట్టిగా చదివేవారు. పందిని పట్టడం వచ్చింది. చచ్చిపోయిన మా అత్త కొబ్బరి కోరుతూ వచ్చింది. నవ్వాం, ఏడ్చాం. తర్వాత పోవీ వచ్చాడు ఆడుతూ. చేతులు చాచాడు. టక్కున పోవీ పోయి మొయెలంగి వచ్చింది. తల పక్కకి వంచి, కళ్లు కిందకి దించి, సిగ్గుపడ్డట్టు నవ్వింది. మళ్లీ పోవీ. మళ్లీ ఆ నవ్వు. అక్షరాలొచ్చాయి. పాస్టరు గారు అలవాటు కొద్దీ మొదలుపెట్టారు, "తనకు కాబోయే భార్య..." అని. అక్కడ ఆగిపోయారు.

ఇంజను ఒక్కటే కొట్టుకుంటోంది.

వాళ్లింటి పెద్దాయన లేచి, చేతికర్ర పెట్టి దుప్పటిని ఈ చివర్నించి ఆ చివరిదాకా చీల్చేశాడు. నీడలు ఆగలేదు. చిరిగిన గుడ్డ మీద, దాని వెనక కొబ్బరి మొదళ్ల మీద మొయెలంగి ఇంకా నవ్వుతూనే ఉంది.

పోవీ ఆ వారమే పడవెక్కాడు. పాగోపాగోలో అమెరికా వాళ్ల రేవులో బస్తాలు మోశాడు. ఇరవై ఏళ్ల పైమాట. పెద్ద యుద్ధం వచ్చి పోయినా తిరిగి రాలేదు. మొయెలంగి ఊళ్లోనే ఉంది, కానీ ఆడటం మానేసింది. ఎవరి పెళ్లిలో ఎంత బతిమాలినా లేవలేదు. నవ్వొస్తే చేత్తో నోరు మూసుకునేది. అంతకు ముందు ఆ నవ్వు రేవు దాకా వినిపించేది.

కాదని చెప్పొచ్చుగా అంటారేమో. ఎలా చెప్తుంది? కాదనాలన్నా ముందు ఆ మాట నోట్లోకి తెచ్చుకోవాలి. అన్నకీ నాకూ మధ్య అలాంటిదేం లేదు అనడం కూడా అన్న పేరు పక్కన ఆ మాట పెట్టడమే. మా దగ్గర ఏ చెల్లెలూ ఆ పని చెయ్యదు. ఏ మర్యాద తప్పిందన్నారో ఆ మర్యాదే ఆవిడ నోరు కట్టేసింది. నోరు లేని నీడలేమో వాగాయి, నోరున్న మనిషి ఊరుకోవాల్సొచ్చింది. ఊరుకుంది గనక నిజమే అన్నారు!

ఎవరన్నారు? ఆవిణ్ణి పుట్టినప్పట్నించీ చూసినవాళ్లు. గోడల్లేని ఇళ్లలో కాపురాలు చేసేవాళ్లం మేం. ఎవరింట్లో ఎవరు తుమ్మారో ఊరంతటికీ తెలుసు. ఎవరు ఎవర్ని చూసి నవ్వారో తెలియదా? తెలుసు. అయినా దుప్పటి మీద చూసిందే నిజమనుకున్నారు. వాళ్ల సొంత కళ్లు చూసింది ఏ సంచిలో కట్టి సముద్రంలో పారేశారో.

అందరి సంగతీ ఒకెత్తు, లితియా ఒకెత్తు. మొయెలంగి నాట్యం తీసిన రోజు పెట్టెదొరకి వెలుతురు తిప్పడానికి తెల్లగుడ్డ పట్టుకుని నిలబడ్డది ఈ లితియానే. పోవీ అక్కడ లేడని మొదట తనే చెప్పింది, నా చెవులారా విన్నాను. దుప్పటి చిరిగాక ఏమో అంది. ససంగిని కట్టుకున్నాక ఉన్నాడేమో అంది. ఈ ససంగి మొయెలంగి వాళ్ల ఇంటివాడే, ఆ ఇంటి పెద్దరికం మీద ఎప్పట్నించో కన్నేసినవాడు. పోయిన ఏడాది ఊట దగ్గర బట్టలుతుకుతుంటే ఏమందో వినండి.

"ఇద్దరూ ఎదురెదురుగా ఆడారు ఫెసిలక్కా. ఇప్పటికీ కళ్లకి కట్టినట్టుంది."

"నీ కళ్లకి కట్టింది పాస్టరు గారి దుప్పటి. గుడ్డ పట్టుకుని సూర్యుణ్ణి తిప్పుతున్నదానివి, ఎటు చూశావే?"

"చూశాను మరి."

"పోవీ మా ఆయనతో కలిసి చర్చి కప్పు మీదున్నాడు కదే!"

"మీ ఆయన పోయాడుగా అక్కా. పోయినవాళ్లు ఎప్పుడెక్కడున్నారో మనకేం తెలుస్తుంది?"

నా చేతిలో తడిగౌను ఉంది. దాంతోనే ఒక్కటిచ్చాను. తప్పని ఇప్పటికీ అనుకోను.

దుప్పటి చీల్చిన పెద్దాయన ఈ మధ్య కన్నుమూశాడు. మా దగ్గర ఇంటి పెద్దరికమంటే ఒక పేరు. ఆ పేరు కట్టుకున్నవాడే భూమికీ పడవకీ మనుషులకీ పెద్ద. పోతూ పోతూ ఆయన "పోవీని పిలిపించండి, ఆ పేరు వాడికే" అన్నాడు. పోవీ వచ్చాడు. జుట్టు నెరిసి, బస్తాల బరువుకి ఒక భుజం ఒంగి. ఒంటరిగా వచ్చాడు, పెళ్లి చేసుకోలేదట. ఆ ఇంటి ఆడపడుచు నోటంట రానిదే పేరు కట్టరు. అంటే మొయెలంగి ఒక్క మాటంటే పోవీ ఇంటికి పెద్ద. అనకపోతే మళ్లీ పడవెక్కాలి, ఈసారి శవమై కూడా తిరిగి రాడు. ససంగి అడ్డం తిరిగాడు. ఆ నీడల సంగతి తేలితే గానీ ఆవిడ మాటని ఆడపడుచు మాటగా లెక్కపెట్టనన్నాడు.

ఆ సంగతి తేల్చడానికి పెద్దలు కూర్చునే ముందురోజు నేను సీమపనస చెట్టు దాటి వెళ్లాను. మొయెలంగి చాపకి ఆకు చీరుతూ కూనిరాగం తీస్తోంది.

"రేపు అడుగుతారు మొయే."

కూనిరాగం.

"ససంగి ఆ నీడల మాట ఎత్తుతాడు. అనుకునే ఉన్నాడు."

చెయ్యి ఆగింది. "మీ చిన్నమనవడు మా పందిని రాయిచ్చుకు కొట్టాడు" అంది.

"నీ పందిని తగలెయ్య! అక్కడ మీ అన్న..."

లేచి నిలబడింది. ఆకులన్నీ ఒళ్లోకి పోగేసుకుంది. "అక్కా, నీ ప్రశ్నలకి దోమలు కూడా ఊరొదిలి పోతాయి. వెళ్లు, నీ పొయ్యి మీద ఏదో మాడుతోంది."

నా పొయ్యి మీద ఏమీ లేదు. నా పేరూ అసలు ఫెసిలి కాదు. ఫెసిలి అంటే ప్రశ్న. ఊళ్లోవాళ్లు పెట్టారు, అది కూడా ప్రేమతో పెట్టింది కాదు.

మర్నాడు ఆ ఇంట్లో స్తంభానికొక పెద్దమనిషి ఆనుకుని కూర్చున్నాడు. పోవీ ముందు స్తంభం దగ్గర. మొయెలంగి ఇంటి ఆ చివర, తల దించుకుని. నేను ఆ ఇంటిదాన్ని కాదు గనక చూరు కింద తిండి బుట్టల దగ్గర విసనకర్ర పట్టుకుని ఈగలు తోలుతున్నాను. ఎదురుగా లితియా. నాకేసి చూడ్డం లేదు.

ససంగి గొంతు సవరించుకున్నాడు. తేనె పూసినట్టు మాట్లాడతాడు వాడు.

"నేనేమీ అనను. అనకూడదు కూడా. ఎవరు చేతులు చాచారో, ఎందుకు చాచారో, అది పెట్టె మాయే అనుకుందాం. కానీ ఒక నవ్వుంది. ఆ నవ్వు ఎవరిదో ఊరందరికీ తెలుసు. ఆ నవ్వుకి జవాబు చెప్పమనండి. చెప్పిన నోటితోనే పేరు ఎవరికో చెప్పమనండి, కాళ్లకి మొక్కి ఒప్పుకుంటాను."

పోవీ స్తంభం మీద చెయ్యేశాడు. లేవబోతున్నాడని అందరికీ అర్థమైంది. చెల్లెలి ముందు అలాంటి మాట పడితే అన్న ఉండకూడదు. లేచి ఆ మెట్టు దిగాడంటే మాత్రం ఆ పేరూ అతనితో దిగిపోయినట్టే. ససంగికి కావాల్సింది అదే. ఇరవై ఏళ్ల కోపం నా నెత్తికెక్కింది. ఎక్కినప్పుడే నాకొకటి తట్టింది. వీడు గడుసుగా మాట్లాడబోయి అన్న ఊసు తనే తీసేశాడు. ఒట్టి నవ్వు మిగిల్చాడు. నవ్వు గురించి చెల్లెలు మాట్లాడకూడదని ఎక్కడుంది?

"ఆగండి" అన్నాను. విసనకర్ర ఇంకా నా చేతిలోనే ఉంది.

"ఫెసిలీ, నువ్వు ఈ ఇంటిదానివా?" అని గద్దించాడు ఒక ముసలాయన.

"కాదు మామా. ఈ ఇంటి పందులు తినేది మాత్రం మా ఇంటి తిండి. ఆ చుట్టరికంతో అడుగుతున్నాను."

ఎవరో కిసుక్కుమన్నారు. పోవీ సగం లేచినవాడు ఆగాడు. నేను మొయెలంగి వైపు తిరిగాను.

"మొయే, ఎవరి పేరూ ఎత్తొద్దు. ఆ రోజు తల పక్కకి వంచి, కిందకి చూసి నవ్వావే. దేన్ని చూశావు?"

ఇన్నేళ్లలో ఆవిణ్ణి ఆ మాట ఎవ్వరూ అడగలేదు. ఎవర్ని చూసిందోనని గుసగుసలాడుకున్నారే గానీ, దేన్ని చూసిందని ఒక్కరికీ తట్టలేదు.

ఆవిడ జవాబు రాసి ఆపేస్తాను గనక తర్వాత జరిగింది ముందే చెప్పేస్తున్నాను. అది విని మొదట నవ్వింది లితియా. మొగుడు కళ్లెర్రజేస్తున్నా ఆగలేదు. "అవును! అలాగే అరిచాడు! గుడ్డ నా చేతిలోంచి జారిపోతే తిట్టాడు కూడా!" అంటూ కళ్లు తుడుచుకుంది. అప్పటికి గుర్తొచ్చింది, మహాతల్లికి. తర్వాత ఇల్లంతా నవ్వు. పోవీ మెల్లగా మళ్లీ కూర్చుని మొహం స్తంభం వైపు తిప్పుకున్నాడు. ఆ వారంలోనే పెద్దల సభల్లో తాగే ఆవా వేరు రసం కలిపి, కొత్త పేరు పెట్టి పిలిచి, మొదటి చిప్ప అతనికే అందించారు.

నా కోపం మాత్రం చల్లారలేదు. ఒక మనిషి వయసంతా రేవులో బస్తాల కింద పోయింది. ఒక మనిషి నవ్వు చేతికింద పోయింది. తీసినవాడు ఎక్కడున్నాడో తెలియదు. ఆ నీడలు ఇప్పటికీ ఏదో దేశంలో ఏదో గోడ మీద ఆడుతూనే ఉండుంటాయి. చీకట్లో కూర్చుని ఎవరెవరో, పాపం పిల్లకి ఎంత సిగ్గో అనుకుంటూ ఉండుంటారు. వాళ్లందరూ వినాలి. అవతలి ఒడ్డువాళ్లు ముందు వినాలి.

మొయెలంగి తలెత్తింది. చెయ్యి నోటికి అడ్డం పెట్టుకోలేదు.

"నా నీడని" అంది. "నవ్వమని అరుస్తున్నాడు ఆ మహానుభావుడు. గొంతులో పట్టు పడక నీడ, నీడ అంటున్నాడు. నా నీడకేం వచ్చిందో, కట్టిన గుడ్డ గానీ ఊడిందేమోనని కిందకి చూసుకున్నాను. బాగానే ఉంది. నవ్వొచ్చింది."